ఆ చిన్న ట్రోఫీని చిన్నబుచ్చకు

అమ్మలూ,

మీ ఊరి బ్యారీ జూనియర్ ఐస్ హాకీ జట్టు కుర్రాణ్ణి ఈ సీజన్‌కి మీ ఇంట్లో ఉంచుకోవడానికి ఒప్పుకున్నారని మీ అమ్మ చెప్పింది. సంతోషం. సడ్‌బరీలో మేం కూడా కొన్నేళ్లు ఇలా వేరే ఊరి ఆటగాళ్లని ఇంట్లో ఉంచుకునే బిల్లెట్ కుటుంబంగా ఉన్నాం కదా, నువ్వు అడక్కపోయినా నాలుగు మాటలు రాస్తున్నాను.

ముందు తిండి. ఆట రాత్రి ఏడింటికైతే ఒంటిగంటకల్లా కంచం ముందుండాలి. పాస్తా, చికెన్, మసాలా లేకుండా. తర్వాత వాడు పడుకుంటాడు. ఆ రెండు గంటలూ మిక్సీ, వాక్యూమ్ ముట్టుకోకు. మా వాడు పప్పన్నంలో వెన్న కలుపుకుని లొట్టలేసుకుంటూ తినేవాడు, ఆట రోజు మాత్రం వద్దనేవాడు. ఒకసారి ముచ్చటపడి బిర్యానీ పెట్టాను. రెండో పీరియడ్‌కే కాళ్లు బరువెక్కాయట! ఆ ఓటమి మా ఇంట్లో ఇప్పటికీ నా ఖాతాలోనే ఉంది.

బయట ఊళ్లో ఆడి వచ్చే రాత్రుళ్లు బస్సు ఏ రెండింటికో దిగుతుంది. ఫ్రిజ్‌లో డబ్బా పెట్టి పడుకో, మెలకువగా కూర్చోకు. నువ్వు కూర్చుంటే ఎన్ని గోల్స్ కొట్టావని అడక్కుండా ఉండలేవు. అది అడక్కూడదు. తిన్నావా, రేపు స్కూల్ ఎన్నింటికి, అంతే. అల్లుడుగారికి కూడా చెప్పు, ఆయనకి క్రికెట్ చూసేటప్పుడు స్కోరు లెక్కలు చెప్పే అలవాటు ఉంది.

జనవరి మొదట్లో ట్రేడ్ గడువు వస్తుంది, అంటే జట్లు ఆటగాళ్లని ఇచ్చిపుచ్చుకోవడానికి ఆఖరి రోజు. పొద్దున ఇడ్లీ తిన్న పిల్లాడు సాయంత్రానికి వేరే ఊరి జట్టువాడైపోవచ్చు. ఒక పెద్ద సంచి సిద్ధంగా ఉంచుకో, వాడికి కనబడకుండా.

ఇక ట్రోఫీ సంగతి. మీ కుర్రాడు ఆడే ఒంటారియో హాకీ లీగ్‌లో 20 జట్లు, నాలుగు డివిజన్లు. మీ బ్యారీ, మా సడ్‌బరీ రెండూ సెంట్రల్‌లోనే ఉన్నాయి. అందులో మొదట నిలిచిన జట్టుకి ఎమ్స్ ట్రోఫీ ఇస్తారు. ఆ ట్రోఫీ 1975-76 నుంచి ఉంది. దానికి పేరిచ్చిన హ్యాప్ ఎమ్స్ ఎవరనుకున్నావ్? మీ ఊళ్లో పుట్టినవాడే. ఆయన నడిపిన బ్యారీ ఫ్లయర్స్ 1951లో, 1953లో కెనడా జూనియర్లందరికీ పెద్దదైన మెమోరియల్ కప్ గెలిచింది. ఇది మీ కుర్రాడికి చెప్పు. వేరే ఊరి నుంచి వచ్చిన పిల్లాడికి ఊరి మీద కాస్త మమకారం పుట్టాలంటే ఇలాంటివే పనికొస్తాయి.

ఆ ట్రోఫీని చాలామంది లెక్కచేయరు. సీజన్ ముగిశాక, ఒక్కో రౌండ్‌లో ఏడు ఆటల్లో నాలుగు గెలిచినవాళ్లే ముందుకెళ్లే ప్లేఆఫ్స్ గెలిస్తే వచ్చే రాబర్ట్‌సన్ కప్పే కప్పంటారు. కానీ చూడు, సీజన్‌లో 68 ఆటలు. గెలిస్తే రెండు పాయింట్లు, ఓవర్‌టైమ్‌లో ఓడినా ఒకటి. నవంబరులో ఏదో గురువారం, సగం ఖాళీగా ఉన్న స్టేడియంలో, జలుబుతో ఆడి దక్కించుకున్న ఆ ఒక్క పాయింటే మార్చిలో లెక్కకొస్తుంది. ఈస్ట్, సెంట్రల్ కలిసి ఒక కాన్ఫరెన్స్. ప్లేఆఫ్స్‌కి ఆ రెండు డివిజన్ల విజేతలకే మొదటి రెండు స్థానాలు. మూడోవాళ్లకి పాయింట్లు ఎక్కువున్నా సరే, వీళ్ల కిందే. అంటే మొదటి రౌండ్‌లో ఏడో ఆట దాకా వెళ్తే అది సొంతూళ్లోనే, సొంత మంచం మీద నిద్రపోయి లేచి ఆడొచ్చు.

నా తప్పు కూడా చెబుతాను. 2019-20లో మా జట్టు డివిజన్‌లో ముందుంది. మా కుర్రాడికి 17 ఏళ్లు. ఫిబ్రవరిలో ఒక రాత్రి ఫోన్‌లో పాయింట్ల పట్టిక చూపించి, "ఆంటీ, మేమే టాప్" అన్నాడు. నేను గిన్నెలు కడుగుతూ, "ఇదేముందిరా, అసలుది ముందుంది" అన్నాను. ఉత్సాహపరుస్తున్నానని నా ఉద్దేశం. వాడు ఫోన్ జేబులో పెట్టుకుని కిందకెళ్లి, బేస్‌మెంట్‌లో టెన్నిస్ బంతిని గోడకి కొట్టుకుంటూ కూర్చున్నాడు. మార్చిలో కోవిడ్ వచ్చింది. లీగ్ ఆగింది. ప్లేఆఫ్స్ రద్దు, 1919లో మొదలైన మెమోరియల్ కప్ కూడా తొలిసారి రద్దు. వాడి సామాను కారులోకి చేర్చడానికి గంట పట్టలేదు. ఎమ్స్ ట్రోఫీ మాత్రం మా జట్టుకే దక్కింది. నేను 'ఇదేముంది' అన్నదే ఆ ఏడాదికి వాళ్లకి మిగిలింది. (రెండో స్థానం మీ బ్యారీదేలే, ఆ మాట మీ ఊళ్లో అనకు.)

కాబట్టి మీ వాడు పట్టిక చూపిస్తే చేతిలో పని పక్కన పెట్టి చూడు. ఒకవేళ గెలిస్తే ఆ రాత్రే వాళ్ల అమ్మానాన్నలకి వీడియో కాల్ చేయించు, ఆరోజు వాడికి ఏం తినాలనిపిస్తే అది వండు. బిర్యానీ అయినా సరే. మర్నాడు ఆట లేకపోతేనే సుమా.

మీ జట్టు మా ఊరికి ఆడడానికి వచ్చినప్పుడు మీరిద్దరూ రండి, కారులో మూడు గంటలేగా. సడ్‌బరీ గోల్ కొట్టినప్పుడల్లా పైకప్పు నుంచి తీగ మీద ఒక తోడేలు జారుతూ వచ్చి, మీ ఆటగాళ్ల బెంచీ మీదికి అరుస్తుంది. బతికున్నది కాదులే, భయపడకు. నేను మాత్రం చప్పట్లు మా వాళ్లకే కొడతాను, ముందే చెబుతున్నా.

మీ పెద్దమ్మ