ఊళ్లోనే బీపీ, షుగర్ గోలీలు ఇస్తున్నా ఎందుకు కంట్రోల్‌లోకి రావట్లేదు?

పల్లె దవాఖానలో గోలీలు ఉచితంగా ఇస్తున్నా మీ మండలంలో పక్షవాతం, డయాలసిస్ కేసులు ఎందుకు తగ్గట్లేదని అడిగారు.

30 ఏళ్లు దాటినవాళ్లకు పరీక్ష చేసి పేర్లు రాసుకోవడం తేలికే. అసలు కష్టం ఆ తర్వాత మొదలవుతుంది. మన సర్కారు వైద్యం జ్వరానికీ కాన్పుకూ అలవాటుపడింది, వచ్చినవాళ్లను చూసి పంపుతుంది. బీపీకి నొప్పుండదు, కాబట్టి రెండు నెలలు వాడి చాలామంది మానేస్తారు. ఈ నెల గోలీలు తీసుకోనివాళ్ల పేర్లు రిజిస్టర్ నుంచి విడిగా రాసి, ఇళ్లకు వెళ్లి అడిగే ఆశా కార్యకర్తకు ఇవ్వాలి. నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యమైన పని ఇదే, ఎక్కువగా వదిలేసేదీ ఇదే.

పాలమూరులో దీనికి వలస తోడవుతుంది. ముంబై, పుణె పనులకు పోయేవాళ్లకు 30 గోలీలు ఏ మూలకు? పోయే ముందే డాక్టర్‌ను అడిగి రెండు మూడు నెలలకు రాయించుకోండి, చీటీ ఫోటో ఫోన్‌లో పెట్టుకోండి.

స్టాకుదీ ఓ చిక్కుంది. పోయిన నెలల వాడకం చూసి ఇండెంట్, అంటే ఇన్ని గోలీలు కావాలని రాసే చీటీ, పెడతారు. గోలీలు లేని నెలలో ఇచ్చింది తక్కువ కాబట్టి, తర్వాతి ఇండెంట్ ఇంకా తగ్గుతుంది. నమోదైన పేషెంట్ల సంఖ్యను ఒక్కొక్కరు రోజుకు వేసుకునే గోలీలతో, 30 రోజులతో గుణించి, పైన ఒక నెల నిల్వ కలిపి అడగాలి.

నల్లగొండలో మర్రిగూడ, మునుగోడు వైపు ఫ్లోరైడ్ వల్ల కీళ్లనొప్పులున్నవాళ్లు డైక్లోఫెనాక్ అనే నొప్పి మందు సూదులు, గోలీలు తెగ వాడతారు. అది ఒంట్లో ఉప్పునూ నీటినీ నిలిపి బీపీ పెంచుతుంది, టెల్మిసార్టాన్ అనే బీపీ గోలీని సరిగా పనిచేయనివ్వదు, కిడ్నీలను దెబ్బతీస్తుంది. బీపీ ఉందని ఆర్‌ఎంపీకి ముందే చెప్పండి. నొప్పికి పారాసెటమాల్ సరిపోతుందేమో డాక్టర్‌ను అడగండి.

బీపీ చూసే ముందు అరగంట చాయ్, బీడీ వద్దు. ఐదు నిమిషాలు కూర్చొని, చొక్కా చేయి పైకి జరిపి చూపించుకోండి. మందు సరిగ్గా వేసుకుంటున్నా వరుసగా రెండు నెలలు 140/90 దాటితే మోతాదు మార్చమని గట్టిగా అడగాలి, పాత గోలీయే మళ్లీ తెచ్చుకోవద్దు. షుగర్‌కు వేలి పరీక్ష ఒక్కటే చాలదు. కంట్రోల్ అయ్యేదాకా మూడు నెలలకోసారి హెచ్‌బీఏ1సీ (రెండు మూడు నెలల సగటు షుగర్ చెప్పే రక్త పరీక్ష), ఏటా కిడ్నీల కోసం క్రియాటినిన్, మూత్రంలో అల్బుమిన్, ఇంకా కంటి పరీక్ష చేయించాలి. రక్త నమూనాలను పీహెచ్‌సీ నుంచే జిల్లా తెలంగాణ డయాగ్నొస్టిక్స్ ల్యాబ్‌కు ఉచితంగా పంపుతారు.

పరగడుపు రక్తం ఇచ్చే రోజు షుగర్ గోలీ రక్తం ఇచ్చాక తిండితోనే వేసుకోండి. బీపీ గోలీ మాత్రం మానొద్దు, మానితే ఆ రోజు ఎక్కువ చూపించి మోతాదు అనవసరంగా పెరుగుతుంది.