అస్థిపంజరాలు గీసే అబ్బాయి ఏం చదవాలి?

ప్రశ్న: మాది గాజువాక. మా అబ్బాయి ఇంటర్ ఎంపీసీ రెండో సంవత్సరం. చెవిలో ఎప్పుడూ హెవీ మెటల్ పాటలే, అదే ఆ హోరు గిటార్ల రాక్ సంగీతం. నోట్‌బుక్కుల నిండా పుర్రెలు, కొమ్ముల రాక్షసులు. ఆ బ్యాండ్ల ఆల్బమ్ కవర్లకు బొమ్మలు వేస్తానంటున్నాడు. వాడి మనసు బాగానే ఉందా, అసలు అది బతుకుతెరువేనా అని టెన్షన్‌గా ఉంది. – ఒక తల్లి

జవాబు: అమ్మా, హిరణ్యకశిపుడి పొట్ట చీలుస్తున్న ఉగ్రనరసింహుడి బొమ్మకు మనం దండం పెట్టుకుంటాం. దాన్ని గీసినవాడి మనసు బాగాలేదని అనుకోం కదా. అబ్బాయి వేళకు తిని, నిద్రపోయి, స్నేహితులతో కలుస్తుంటే బొమ్మలు చూసి భయపడకండి. తిండి, నిద్ర, స్నేహాలు తగ్గితే మాత్రం వెంటనే డాక్టరుకు చూపించండి.

ఇక బతుకుతెరువు. కవర్లు మాత్రమే వేసి ఇల్లు నడపడం చాలా కష్టం. చిన్న బ్యాండ్ల దగ్గర డబ్బు ఉండదు. మైకేల్ వీలన్ అనే అమెరికన్ చిత్రకారుడి సంగతి చెబుతాను. ఆయన ప్రధాన వృత్తి పుస్తకాల అట్టబొమ్మలు. భయానక కథల పుస్తకానికి వేసిన ఒక పెయింటింగే 1990లో అమెరికన్ మెటల్ బ్యాండ్ ఆబిచ్యువరీ ఆల్బమ్ మీదికి వచ్చింది. ఐరన్ మెయిడెన్ అనే బ్రిటిష్ మెటల్ బ్యాండ్ గుర్తుగా మారిన 'ఎడ్డీ' అనే శవంలాంటి బొమ్మను కూడా చిత్రకారుడు డెరెక్ రిగ్స్ ఆ బ్యాండ్ కోసం వేయలేదు. ముందే వేసి ఉంచుకున్న బొమ్మ 1980లో వాళ్ళ తొలి ఆల్బమ్‌కు ఎక్కింది. మీవాడు కూడా పుస్తకాలు, వీడియో గేములు, టీషర్టులు, పోస్టర్లు అన్నిటికీ పనికొచ్చేలా చెయ్యి తిప్పుకోవాలి.

పనిలో మెళకువలు చాలా ఉన్నాయి. ఎల్పీ అనే పెద్ద గ్రామఫోన్ రికార్డు అట్ట సుమారు 12 అంగుళాల చదరం. 300 డీపీఐలో, అంటే అంగుళానికి 300 చుక్కలతో ముద్రించాలంటే ఒక్కో వైపు కనీసం 3600 పిక్సెళ్ళు కావాలి. అదే బొమ్మ ఫోన్లో గోరంత కనిపించినా ఏమిటో తెలియాలి. బ్యాండ్ లోగోకు చోటు వదలాలి. టీషర్టు మీద స్క్రీన్ ప్రింటింగ్‌కు నాలుగైదు రంగుల్లోకి కుదించగలగాలి. వీటన్నిటికంటే ముందు మనిషి శరీరం గీయడం రావాలి. ఎముక ఎక్కడ వంగుతుందో తెలియనివాడి రాక్షసుణ్ణి చూస్తే ఎవరికీ భయం వేయదు.

చదువుకు దూరం వెళ్ళక్కర్లేదు. ఆంధ్రా యూనివర్సిటీలోనే ఫైన్ ఆర్ట్స్ విభాగం ఉంది. బీఎఫ్ఏ, అంటే చిత్రకళల డిగ్రీ, నాలుగేళ్ళు. డిజైన్ వైపు ఇష్టమైతే ఐఐటీల బీడిజైన్ డిగ్రీ కోసం యూసీడ్ అనే ప్రవేశ పరీక్ష రాయవచ్చు, ఏ గ్రూపువాళ్ళయినా అర్హులే. మనసు లేని బీటెక్‌లో మాత్రం చేర్పించకండి, ఇది నా గట్టి అభిప్రాయం.

ఒక్క విషయం వాడికి ఇప్పుడే చెప్పండి. మన 1957 కాపీరైట్ చట్టం 17వ సెక్షన్ ప్రకారం, డబ్బిచ్చి వేయించుకున్న పెయింటింగ్ మీద, వేరే ఒప్పందం లేకపోతే, తొలి హక్కు వేయించుకున్నవారిదే. అందుకే ఎంత చిన్న పనైనా కాగితం రాసుకోవాలి. ఈ బొమ్మ ఆల్బమ్‌కా, టీషర్టులకు కూడానా, ఎన్నాళ్ళకు, అసలు పెయింటింగ్ ఎవరిది అన్నవి అందులో ఉండాలి. సగం అడ్వాన్స్ చేతికి వచ్చాకే పని మొదలెట్టాలి.

పరీక్షలు అయ్యాక కిరండూల్ రైలెక్కించి బొర్రా గుహలకు తీసుకెళ్ళండి. ఆ సున్నపురాయి వేలాడే తీరు, దీపం పడినచోట తడి మెరుపు, వెనక చీకటి స్కెచ్‌బుక్‌లో అక్కడే కూర్చుని గీయమనండి. గీసిన వాటిలో పదిహేను మంచివి ఏరి నాకు పంపండి, పోర్ట్‌ఫోలియోలో, అంటే పని ఇచ్చేవాళ్ళకు చూపించే బొమ్మల సంకలనంలో, ఏవి పెట్టాలో కలిసి చూద్దాం.