ఒలిచిన విత్తనాలు

అనంతపురం,
ఆరుద్ర కార్తె.

చిరంజీవి అమ్మాయికి ఆశీస్సులు.

నీ రాతప్రతి అందిన రోజే చదివాను. మూడు రోజులాగి మళ్లీ చదివాను. నాన్న పోయి ఏడాదైనా తిరగకముందే ఇన్ని పేజీలు రాయడానికి ఎంత గుండె నిబ్బరం కావాలో నాకు తెలుసు. కాబట్టి ఈ మాటలన్నీ నీ తల మీద చేయి ఉంచి చెబుతున్నాననుకో.

నాన్న మంచం పట్టిన రోజున మబ్బు కమ్మిందని రాశావు. ఊపిరి ఆగిన వేళ మేఘం కన్నీరు కార్చిందన్నావు. పదో రోజున ఆకాశం నల్లచీర కట్టుకుందన్నావు. అమ్మా, ఇవి నువ్వు చూసిన మబ్బులేనా? మన ఊళ్లలో మబ్బు పడితే ఎవరి ముఖమైనా వాడిపోయిందా? నైరుతి మబ్బులు తెచ్చిన నీళ్లలో ఎక్కువ భాగం పడమటి కనుమలకు అవతలే కురిసిపోతుంది. మిగిలిన తేలిక మబ్బులు ఆషాఢపు గాలికి మన నెత్తి మీదుగా పరుగెత్తిపోతాయి. ఏడాదంతా కలిపినా సుమారు 550 మిల్లీమీటర్ల వాన పడే నేల ఇది. ఇక్కడ నల్లమబ్బు కనిపిస్తే పశువుల కొట్టంలో ఉన్నవాడు కూడా బయటికి వచ్చి నిలబడతాడు. అది కురవకుండా దాటిపోయాకే దిగులు మొదలవుతుంది. వానలు దండిగా పడే సీమల కవులు కట్టుకున్న పోలికను తెచ్చి నువ్వు మీ నాన్నగారి చేని మీద కప్పావు. ఆ పోలిక కింద ఆయన నాకు కనిపించలేదు.

శాపం వల్ల భార్యకు దూరమైన యక్షుడు మేఘంతో ఆమెకు సందేశం పంపే కాళిదాసు కావ్యం మేఘదూతం చదివి ఈ దారి పట్టానని ఉత్తరంలో రాశావు. మంచి గురువునే ఎంచుకున్నావు. అయితే మరోసారి నిదానంగా చదువు. మేఘమంటే పొగ, వెలుగు, నీరు, గాలి కలిసిన ముద్ద, అది సందేశం మోయగలదా అని కాళిదాసు మొదట్లోనే అడుగుతాడు. వేదనలో ఉన్నవాడికి ప్రాణమున్నదీ లేనిదీ తేడా తెలియదని ఆయనే జవాబు చెబుతాడు. తాను చేస్తున్నది ఎంత అసాధ్యమైన పనో ముందే ఒప్పుకున్నాడు, అందుకే మనం నమ్ముతాం. కావ్యం మొదటి భాగమైన పూర్వమేఘమంతా దారే. ఏ నది మీదుగా వెళ్లాలి, ఏ కొండ మీద ఆగాలి, ఉజ్జయినికి ఎందుకు చుట్టు తిరిగి వెళ్లాలి అని చెబుతూ పోతాడు. భార్య రూపం, ఆమెకు చెప్పవలసిన మాట రెండో భాగమైన ఉత్తరమేఘంలో గాని రావు. నువ్వు మొదటి పేజీలోనే ఏడ్చేశావు.

ఇంకో తేడా కూడా ఉంది. దీన్ని నువ్వు తప్పించుకోలేవు. యక్షుడి భార్య బతికే ఉంది. శాపం ఇంకో నాలుగు నెలల్లో తీరుతుంది. మేఘం వెళ్లి చేరడానికి అలకాపురి అనే ఊరుంది. నీ మబ్బుకు ఏ ఊరుంది? చేరవలసిన చోటు లేని సందేశం నీది. నీ పుస్తకంలోని అసలు బాధ అదే, దాని గురించి ఒక్క వాక్యమూ రాయలేదు నువ్వు.

జాషువా 1941లో గబ్బిలం రాసినప్పుడు ఆ దూతకావ్య మార్గాన్నే పట్టారు, కానీ మేఘాన్ని తీసుకోలేదు. గుడిలోకి అడుగు పెట్టనివ్వని మనిషి తన గోడును శివుడికి విన్నవించుకోవాలంటే గుడిలోకి వెళ్లగల ప్రాణి కావాలి. అది ఆ మనిషి గుడిసెలోకీ వస్తుంది. చూశావా, ఆ మనిషి బతుకులోంచే దూత పుట్టింది. నీ దూత కూడా మీ ఇంట్లోనే ఎక్కడో ఉంటుంది.

నా సంగతి ఒకటి చెబుతాను. మా ఇంటావిడ పోయిన ఏడాది నేను నలభై పద్యాలు రాశాను. ప్రతి పద్యంలోనూ ఆకాశం ఏడ్చింది. ఇప్పుడు తీసి చూస్తే వాటిలో ఆమె లేదు. ఎండాకాలం చివర మిద్దె మీద వడియాలు పెట్టి, పడమర నల్లబడగానే కొంగు బిగించి మెట్లెక్కి, చాపతో సహా చుట్టి తెచ్చేది. చినుకు పడేది కాదు. మళ్లీ పైకి మోసుకెళ్లి పరిచేది. ఒకే మధ్యాహ్నం మూడుసార్లు అలా తిరిగిన రోజులున్నాయి. ఆ ముచ్చట నలభై పద్యాల్లో ఎక్కడా రాలేదు. ఇప్పటికీ పడమర నల్లబడితే నా చెవి మెట్ల వైపే ఉంటుంది.

అందుకే నిన్ను ఇంత గట్టిగా అడుగుతున్నాను. ఇంగ్లండులో కాన్‌స్టబుల్ అనే చిత్రకారుడు 1821, 1822లలో వరుసగా మబ్బుల బొమ్మలు వేసి, వాటి వెనుక తేదీ, వేళ, గాలి దిక్కు రాసి పెట్టుకున్నాడు. నువ్వూ అలా ఒక నోటుబుక్కు పెట్టుకో. మీ నాన్నగారు చూసిన మబ్బుల్లో నీకు గుర్తున్నవి రాయి. ఏ కార్తె, ఏ దిక్కు నుంచి వచ్చింది, అప్పుడు ఆయన చేతిలో ఏముంది, ఏమన్నారు. కన్నీరు, శోకం, శూన్యం అనే మాటలు కొన్నాళ్లు పక్కన పెట్టు.

చివరగా 61వ పేజీ. "నాన్న ఒలిపించిన వేరుశనగ విత్తనాలు రెండు సంచులు మిగిలిపోయాయి" అని రాసి, వెంటనే మళ్లీ మేఘాల్లోకి వెళ్లిపోయావు. నేను అక్కడే ఆగిపోయాను. ఒలిచిన విత్తనం ఎక్కువ రోజులు నిలవ ఉండదు, మొలకెత్తే శక్తి తగ్గిపోతుంది. అందుకే వాన పడి నేలకు విత్తే పదును రావడం ఖాయమని తోస్తే గాని రైతు కాయలు ఒలిపించడు. ఆయన ఒలిపించారంటే ఆ వారం ఏదో ఒక మబ్బును నమ్మారన్న మాట. ఏ మబ్బు అది? వాన పడిందా? పడి ఉంటే అప్పటికి ఆయన ఉన్నారా? ఆ విత్తనాలను ఎవరైనా విత్తారా, లేక వంటింటికి చేరాయా? సంచుల మూతికి ముడి వేసింది ఆయనే అయితే, ఆ ముడి విప్పింది ఎవరు?

మీ అమ్మగారిని అడిగి రాయి. వర్షాలు మొదలయ్యేలోగా ఒకసారి బస్సెక్కి రా. ఆ రెండు సంచుల గురించి రాసింది మాత్రమే తీసుకుని రా, చాలు.

ఇట్లు,
నీ శ్రేయోభిలాషి