కనాలెట్టో ఒకరా, ఇద్దరా?

ప్రశ్న: సాలార్‌జంగ్ మ్యూజియంలో యూరప్ చిత్రాలున్న చోట వెనిస్‌లోని సాన్ మార్కో కూడలి బొమ్మ చూశాను, వేసింది కనాలెట్టో. ఇంటికొచ్చి నెట్‌లో వెతికితే అదే పేరుతో పోలండ్ రాజధాని వార్సా, జర్మనీలోని డ్రెస్డెన్ నగరాల బొమ్మలొచ్చాయి. ఇద్దరూ ఒకరేనా? ఆ బొమ్మలు చూసే వార్సాని మళ్లీ కట్టారంటారు, నిజమేనా?
– ఓ పాఠకురాలు, మలక్‌పేట

జవాబు: ఇద్దరండీ. మ్యూజియంలో ఉన్నది మేనమామ పేరు, నెట్‌లో దొరికినవి మేనల్లుడి బొమ్మలు. మామ జొవాన్ని అంతోనియో కనాల్ (1697–1768), అల్లుడు బెర్నార్దో బెల్లోత్తో. వెనిస్‌లో వాళ్లింట్లో అందరికీ రంగులతోనే పని. బెర్నార్దో తాత నాటకాలకు తెరలు రాసేవాడు, బెర్నార్దో తమ్ముడు పియెత్రో కూడా చిత్రకారుడే. బెర్నార్దో మామ దగ్గరే పని నేర్చుకుని 1738కల్లా వెనిస్ చిత్రకారుల సంఘంలో చేరాడు. 1747లో డ్రెస్డెన్ వెళ్లి సాక్సనీ ఏలిక, పోలండ్ రాజు అయిన మూడో ఆగస్టస్ కొలువులో కుదిరాడు. అక్కడ కనాలెట్టో అని మామ పేరే వాడుకున్నాడు. మోసమని అనను గానీ, ఆ పేరుకి గిరాకీ ఉందని ఆయనకు తెలియదంటే నేను నమ్మను!

బొమ్మలు పక్కపక్కన పెడితే తేడా తెలుస్తుంది. మామ వెనిస్‌లో ఎండ వెచ్చగా ఉంటుంది, ఈయన ఆకాశం చల్లగా, నీడలు ముదురుగా, గోడల పెచ్చులు కూడా కనపడేంత వివరంగా ఉంటాయి. నాకైతే ఈయనే ఎక్కువ ఇష్టం.

1760లో ప్రష్యా (అప్పట్లో మరో జర్మన్ రాజ్యం) సైన్యం డ్రెస్డెన్ మీద ఫిరంగులు పేల్చినప్పుడు ఈయన ఊళ్లో లేడు, ఇల్లు మాత్రం పోయింది. అంతకుముందు నిండుగా వేసిన క్రాయ్ట్స్‌కిర్కె చర్చినే 1765లో కూలిన గోడలతో మళ్లీ వేశాడు. ఈలోగా రాజు పోయాడు, ఆస్థాన జీతమూ పోయింది, అకాడమీలో పాఠాలు చెప్పుకోవాల్సి వచ్చింది. చివరికి రష్యా వెళ్దామని బయల్దేరితే దారిలో వార్సాలో పోలండ్ కొత్త రాజు స్తానిస్వాఫ్ ఆపేసుకున్నాడు. 1780లో చనిపోయేదాకా అక్కడే.

ఇక రెండో ప్రశ్న. 1944లో జర్మన్లు వార్సాని నేలమట్టం చేశాక, పునర్నిర్మాణానికి ఆయన బొమ్మలు పనికొచ్చిన మాట నిజం. కానీ వాటితోనే ఊరంతా కట్టారనడం అతిశయోక్తి. యుద్ధానికి ముందు ఆర్కిటెక్చర్ విద్యార్థులు కొలతలతో గీసిన డ్రాయింగులున్నాయి, ఫోటోలున్నాయి. పైగా అందం కోసం బెల్లోత్తో భవనాలను అక్కడక్కడా మార్చి వేసేవాడు కూడా. ఆ వార్సా చిత్రాలు ఇప్పుడు అక్కడి రాయల్ కాసిల్‌లో ఉన్నాయి.