దేశమంతా నెత్తిన పెట్టుకున్న నాడియా కొమనెచి రుమేనియా నుంచి ఎందుకు పారిపోవలసి వచ్చింది?

ఆమెకు దక్కిన గౌరవమే ఆమెను బందీని చేసింది. 1976 మాంట్రియల్ ఒలింపిక్స్‌లో, పద్నాలుగేళ్ల వయసులో, జిమ్నాస్టిక్స్‌లో ఒలింపిక్స్ చరిత్రలోనే తొలిసారిగా పదికి పది మార్కులు సాధించిన నాడియాను రుమేనియా కమ్యూనిస్టు నియంత చౌషెస్కు ప్రభుత్వం తన పాలన గొప్పతనానికి నిదర్శనంగా ప్రపంచానికి చూపించుకుంది. అటువంటి వ్యక్తి దేశం విడిచి వెళితే పాలకుల పరువు పోతుంది గనుక, రహస్య పోలీసు వ్యవస్థ సెక్యురితాతే ఆమెపై నిరంతరం నిఘా ఉంచింది.

1981లో అమెరికా పర్యటనకు వెళ్లిన కోచ్‌లు బేలా, మార్తా కరోలీ దంపతులు తిరిగి రాకుండా అక్కడే ఉండిపోవడంతో ఆమె పరిస్థితి మరింత దిగజారింది. ఆమె కూడా అదే దారి పడుతుందన్న అనుమానంతో, 1984 లాస్ ఏంజలిస్ ఒలింపిక్స్ వంటి కొద్దిపాటి సందర్భాలలో తప్ప పాశ్చాత్య దేశాలకు వెళ్లనివ్వలేదు. తాను ఏ తప్పూ చేయకపోయినా ఇతరుల నిర్ణయానికి ఆమె శిక్ష అనుభవించింది. నా దృష్టిలో ఈ ఉదంతంలో అన్నిటికంటే అన్యాయమైనది ఇదే.

చివరకు 1989 నవంబరు చివరి వారంలో, ఇరవై ఎనిమిదేళ్ల వయసులో, కుటుంబాన్ని వదిలి, కొద్దిమందితో కలిసి రాత్రివేళ కాలినడకన సరిహద్దు దాటి హంగేరీ చేరింది. అక్కడి నుంచి ఆస్ట్రియా మీదుగా అమెరికాకు వెళ్లి ఆశ్రయం పొందింది. నెల తిరగకముందే చౌషెస్కు పాలన కూలిపోయింది. ఆమెకు ఆ సంగతి ముందే తెలిసే అవకాశం లేదు కాబట్టి, తొందరపడిందని అనడం సరికాదు.