‘బొర్రోడు’ సరే, ‘బొర్రది’ ఎందుకు కాదు?

సందేహం: పెళ్లిలో ఆడపిల్ల తరఫు ఆడవాళ్లు పెళ్లికొడుకును ‘బొర్రోడు’ అని పాట కడితే పందిరంతా నవ్వింది. అతని దోస్తు ఒకడు పెళ్లికూతురి అక్కను ‘బొర్రది’ అనగానే లొల్లి అయింది. మొదటిది పరిహాసం, రెండోది అపహాస్యం అనవచ్చా? బాడీ షేమింగ్‌కు తెలుగేమిటి?
(ఒక పాఠకురాలు, దేవరకొండ)

సమాధానం: అనవచ్చు. కానీ ‘అప’ దగ్గర కాసేపు ఆగుదాం. ‘ప్రజాస్వామ్యం అపహాస్యం పాలైంది’ అని రాసి రాసి మన పత్రికలు ఆ మాటను మొద్దు చేశాయి. భరతుడు నాట్యశాస్త్రం ఆరో అధ్యాయంలో నవ్వుకు ఆరు మెట్లు కట్టాడు. స్మితం, హసితం, విహసితం, ఉపహసితం, అపహసితం, అతిహసితం. స్మితంలో పన్ను కనపడదు, చెంపలు కాస్త విచ్చుకుంటాయంతే. ఆరోదానికి వచ్చేసరికి డొక్కలు పట్టుకోవలసిందే. మీకు దగ్గర్లోని రాచకొండనేలిన సింగభూపాలుడూ రసార్ణవసుధాకరంలో భరతుడి దారే పట్టాడు. ఆ కోట ముందు సెల్ఫీలు దిగేవాళ్లలో ఎందరికి ఆ పుస్తకం పేరు తెలుసో! సరే, అపహసితానికి భరతుడు చెప్పిన మొదటి గుర్తు ‘అస్థానహసితం’, అంటే చోటు కాని చోట నవ్వు. కళ్లనీళ్లు, భుజాలు ఊగడం ఆ తరవాతి మాట. తప్పు బొర్రలో లేదన్నమాట. పెళ్లిపాటకు వరుస ఉంది, ఎదురుపాట కట్టే హక్కుంది. ఆ దోస్తు మాటకు ఇవేవీ లేవు. ‘పరి’ అంటే చుట్టూ కనుక పరిహాసం నలుగురూ కలిసి నవ్వేదని నా అన్వయం, పట్టుబట్టను.

అయితే హాస్యం ఎక్కువగా స్త్రీలలో, నీచప్రకృతులలో, అంటే తక్కువ స్వభావపు పాత్రల్లో, కనిపిస్తుందని కూడా అన్నాడు భరతుడు. ఇద్దరినీ ఒకే గాటన కట్టడం దగ్గరే నాకు పేచీ. మన వ్యాకరణమూ తక్కువ తినలేదు. ‘డు’ మగవాడికి దక్కింది. ‘ది’ మాత్రం ఆడమనిషికీ బర్రెకూ ఒకటే. పైగా బొర్ర వినాయకుడికీ ఉంది కాబట్టి బొర్రోడు ముద్దుగానూ వినబడుతుంది. బొర్రదికి ఆ వెసులుబాటేదీ? అయినా నాట్లేసేచోట ఆడవాళ్లు ‘ఏమే బొర్రదానా’ అని పిలుచుకుని పగలబడి నవ్వడం విన్నాను. అందుకే ఆ మాటే వద్దనను.

ఎకసక్కెం, పరాచికం, గేలి దగ్గరి మాటలే, గేలిలో కసి ఎక్కువ. బాడీ షేమింగ్‌కు ‘ఎక్కిరింపు’ చాలు, దేహావమానం లాంటివి పుట్టించకండి. ఇక ‘బొర్రామె’ అంటే మెత్తబడుతుందా అంటే, కొంత. ఆమె ముందర అని చూడకండి.