పిల్లి మన ఒళ్లో కూర్చుని ముందుకాళ్లతో ఎందుకు పిసుకుతుంది?

చపాతీ పిండి పిసికినట్టు పిల్లి ఒక కాలు తర్వాత ఒకటి నొక్కడం పుట్టినప్పటి అలవాటు. పాలు తాగేటప్పుడు కూనలు తల్లి పొట్టను ఇలాగే నొక్కుతాయి. దూడ మూతితో పొదుగును పొడిస్తే ఆవు చేపుతుంది కదా, ఇదీ అంతే. ఆ ఒత్తిడికి తల్లి ఒంట్లో ఆక్సిటోసిన్ అనే హార్మోను విడుదలై పాలు దిగుతాయి.

మరి పాలు మానేసి ఏళ్లయిన పిల్లి ఎందుకు చేస్తుంది? వెచ్చదనం, మెత్తదనం, కడుపు నిండటం, ఇవన్నీ ఆ కదలికతో ముడిపడిపోయాయి. అందుకే దుప్పటి మీదో, మీ పొట్ట మీదో హాయిగా ఉన్నప్పుడు గుర్రుమంటూ, కళ్లు సగం మూసుకుని మొదలుపెడుతుంది. కొన్నయితే దుప్పటి అంచును చప్పరిస్తాయి కూడా. తల్లి నుంచి తొందరగా వేరుచేసిన కూనలే ఇలా పిసుకుతాయని చాలామంది అంటారు గానీ, తల్లి దగ్గర పూర్తిగా పెరిగినవీ చేస్తాయి.

ఇంకో సంగతి, పిల్లి పాదాల్లో వాసన గ్రంథులుంటాయి. నొక్కినచోట దాని వాసన అంటుకుంటుంది. అంటే మీరు దాని సొత్తు అన్నమాట! ఎదకొచ్చిన ఆడపిల్లులు కూడా కాళ్లతో ఇలా తొక్కుతుంటాయి.

గోళ్లు గుచ్చుకుంటే తిట్టకండి, కొట్టకండి. అది ప్రేమగా చేస్తోంది, తిట్టు ఎందుకో దానికి అర్థం కాదు. ఒళ్లో మందపాటి తువ్వాలు వేసుకోండి, గోళ్ల కొసలు మాత్రం అప్పుడప్పుడు కత్తిరించండి.